ఊరు లేని యుద్ధం, ఆడపిల్ల లేని ల్యాబ్

మధ్యాహ్నం రెండు గంటల వేళ కంప్యూటర్ ల్యాబ్ తలుపు తీయగానే కీబోర్డుల చప్పుడు వినిపించేది. ఆ చప్పుడుకీ ప్రోగ్రాములు టైపు చేసే చప్పుడుకీ తేడా ఉంటుందని తెలుసుకోవడానికి నాకు ఏడాది పట్టింది. ప్రోగ్రాము రాసేవాళ్ళ వేళ్ళు ఆగి ఆగి కదులుతాయి. ఇక్కడ ఎడమచేతి వేళ్ళు నాలుగు మీటల మీదే అతుక్కుని ఉంటాయి, కుడిచెయ్యి మౌసును విదిలిస్తూ ఉంటుంది. "మేడం వచ్చిందిరా" అని ఎవరో మెల్లగా అనేవారు. మరుక్షణం పది తెరల మీద టర్బో సి నీలిరంగు పరుచుకునేది.

2004 నుంచి 2007 వరకు నల్లగొండ జిల్లాలో, హైదరాబాద్ - విజయవాడ రహదారి పక్కనున్న ఒక పట్నంలో నేను తెలుగు చెప్పాను. హైస్కూలు నుంచి డిగ్రీ దాకా ఒకే ప్రాంగణంలో నడిచే ప్రైవేటు విద్యాసంస్థ అది. అందరికీ కలిపి ల్యాబ్ ఒక్కటే. ల్యాబ్ చూసే ఆయన సెలవు పెట్టిన రోజున, తెలుగు మేడం ఖాళీగానే ఉంటుందన్న నమ్మకంతో, ఆ తాళంచెవులు నాకిచ్చేవారు. అలా నాకు కౌంటర్ స్ట్రైక్ అనే ఆటతో పరిచయమైంది. ఈ వ్యాసం ఆ ఆట గురించి, ఆ ల్యాబ్ గురించి, ఆ రెండింటిలోనూ కనిపించకుండా పోయిన ఆడపిల్లల గురించి.

సాహిత్య పత్రికలో తుపాకుల ఆట గురించి ఏమిటని అనుకునేవాళ్ళు ఉంటారు. సినిమాను, సీరియల్‌ను, వ్యాపార ప్రకటనను స్త్రీవాద విమర్శ ఎప్పుడో చదవడం మొదలుపెట్టింది. ఒక తరం మగపిల్లలు వేల గంటలు గడిపిన ఆటను మాత్రం మనం చదవలేదు. "పిల్లలు పాడైపోతున్నారు" అన్న తల్లిదండ్రుల మాట దగ్గరే మన ఆలోచన కూడా ఆగిపోయింది. ఆ 'పిల్లలు' అన్న మాటలో ఆడపిల్లలు లేరన్న సంగతి కూడా గమనించలేదు.

ముందు ఆట గురించి కొంచెం చెప్పాలి. 1998లో వాల్వ్ అనే అమెరికన్ కంపెనీ హాఫ్ లైఫ్ అనే ఆటను విడుదల చేసింది. దాన్ని మార్చి మిన్ లె, జెస్ క్లిఫ్ అనే ఇద్దరు కుర్రవాళ్ళు 1999లో కౌంటర్ స్ట్రైక్ తయారుచేశారు. 2000లో వాల్వ్ దాన్ని తన పేరుతో అమ్మకానికి పెట్టింది. మన ల్యాబుల్లోకి వచ్చిన 1.6 రకం 2003 నాటిది. రెండు జట్లుంటాయి. ఒక జట్టు టెర్రరిస్టులు, రెండో జట్టు వాళ్ళను ఎదుర్కొనే కమాండోలు. ఒకరు బాంబు పెట్టాలి, ఇంకొకరు ఆపాలి. లేదా అవతలి జట్టునంతా చంపాలి. చచ్చినవాడు మళ్ళీ రౌండు మొదలయ్యేదాకా మిగిలినవాళ్ళ ఆట చూస్తూ కూర్చోవాలి.

ఈ ఆటకు ఇంటర్నెట్ అక్కర్లేదు. ఒక కంప్యూటర్ సర్వర్‌గా నిలబడితే, అదే గదిలో తీగలతో కలిసివున్న మిగతా కంప్యూటర్లు దానికి చేరతాయి. ఇంటర్నెట్ తీసేస్తే ఆటలు ఆగిపోతాయని యాజమాన్యం అనుకుంది. ఆఫీసు గదిలో ఒక్క కంప్యూటర్‌కు తప్ప అన్నిటికీ కనెక్షన్ పీకేసింది. అడ్మినిస్ట్రేటర్ పాస్‌వర్డ్ పెట్టింది. కంప్యూటర్ ఆపి తిరిగి వేస్తే కొత్తగా ఎక్కించినదంతా తుడిచిపెట్టుకుపోయే సాఫ్ట్‌వేర్ కూడా వేయించింది. మగపిల్లలు అన్నిటికీ దారి కనిపెట్టారు. ఆటను ఇన్‌స్టాల్ చేయనక్కర్లేదు, ఫోల్డర్‌ను ఉన్నదున్నట్టు కాపీ చేస్తే చాలు. తుడిచిపెట్టే సాఫ్ట్‌వేర్ సి డ్రైవ్‌కే కాపలా కాస్తున్నదని తెలుసుకుని డి డ్రైవ్‌లో దాచారు. ఆ ఫోల్డర్‌కు "రికార్డ్ ప్రోగ్రామ్స్" అని పేరు పెట్టారు. నేను చాలా రోజులు అది నిజంగా రికార్డే అనుకున్నాను.

ఇప్పుడు ఆటను ఒక పాఠంగా చదువుదాం.

లారా మల్వీ 1975లో రాసిన వ్యాసం సినిమాలో చూపు ఎవరిదన్న ప్రశ్న వేసింది. కెమెరా మగవాడి కన్నుగా మారి స్త్రీని చూడదగిన వస్తువుగా చేస్తుందని ఆమె వాదన. వీడియో గేముల మీద స్త్రీవాద విమర్శ మొదట్లో ఈ దారినే పట్టింది. 1996 నాటి టోంబ్ రైడర్‌లో లారా క్రాఫ్ట్‌ను ఆడేవాడు వెనక నుంచి చూస్తూ నడిపిస్తాడు కాబట్టి మల్వీ మాటలు అక్కడ సరిగ్గా సరిపోయాయి. కౌంటర్ స్ట్రైక్ దగ్గరికి వచ్చేసరికి ఆ పనిముట్టు చాలదు. ఇక్కడ చూడటానికి స్త్రీ లేదు. తెర మీద ఆడేవాడి శరీరం కూడా ఉండదు. రెండు చేతులు, ఒక తుపాకీ గొట్టం, మధ్యలో గురి చూసే ఆకుపచ్చ గీతలు. కన్ను ఎటు తిరిగితే గొట్టం అటే తిరుగుతుంది. కాల్చకుండా చూడటం అన్న పని ఈ ఆటకు తెలియదు.

ఆడేవాడు ఎంచుకోగల రూపాలు 1.6లో ఎనిమిది, ఒక్కో జట్టుకు నాలుగు. అమెరికా సీల్స్, జర్మనీ, బ్రిటన్, ఫ్రాన్స్ కమాండోలు ఒక వైపు. నాలుగు రకాల టెర్రరిస్టులు ఇంకో వైపు. ఎనిమిదీ మగ రూపాలే. రేడియోలో వినిపించే ఆజ్ఞలన్నీ మగ గొంతులోనే. వాల్వ్ స్వయంగా నడిపిన ఈ వరుస ఆటల్లో ఆడేవారికి స్త్రీ రూపాలు రావడానికి 2010 దశకం చివరి దాకా పట్టింది. అయితే స్త్రీ బొమ్మ చేర్చడంతో లోటు తీరిపోతుందని నేను అనుకోను. నన్ను ఎక్కువగా ఇబ్బంది పెట్టింది ఆటలోని ఊరు.

మా ల్యాబ్‌లో ఎక్కువగా నడిచిన మ్యాప్ పేరు డస్ట్ 2. 2001లో వచ్చింది. ఇసుకరంగు గోడలు, పెద్ద చెక్క తలుపులు, చీకటి సొరంగం, అక్కడక్కడ పెట్టెలు. ఏదో అరబ్బు ఊరని చూడగానే అనిపిస్తుంది. ఎండకు మాడిన గోడలు చూస్తే మా పిల్లలకు తమ ఊళ్ళే గుర్తొచ్చేవట. "దేవరకొండ తొవ్వల ఊర్లు గిట్లనే ఉంటయి మేడం" అన్నాడొకడు. కానీ ఆ ఊళ్ళో ఎవరూ ఉండరు. తలుపుల వెనక ఇళ్ళు లేవు. పొయ్యి లేదు, బావి లేదు, బిందె పట్టుకుని నడిచే మనిషి లేదు. మంచినీళ్ళలో ఫ్లోరైడ్‌తో ఎముకలు వంగిపోయిన జిల్లాలో, నీళ్ళు మోసే ఆడమనిషి లేని ఊరంటే నాకు నవ్వాలో ఏడవాలో తెలిసేది కాదు. ఊరిని ఖాళీ చేస్తే తప్ప ఆ యుద్ధం సరదాగా ఉండదు. రెండు జట్ల మధ్య ఒక ముసలమ్మ మేకను తోలుకుంటూ అడ్డం వస్తే ఆట ఆగిపోతుంది.

ఈ ఖాళీ ఊరు నల్లగొండలో తెర మీద కనిపించింది. అందుకే దాన్ని ఊరికే దాటిపోలేం. తుపాకీ, యుద్ధం అన్న మాటలు ఈ జిల్లాకు సినిమా నుంచి రాలేదు. 1946 నుంచి 1951 దాకా నడిచిన తెలంగాణ సాయుధ పోరాటానికి నల్లగొండ గుండెకాయ. ఆ పోరాటంలో తుపాకీ పట్టిన ఆడవాళ్ళున్నారు. మల్లు స్వరాజ్యం దళాన్ని నడిపింది. నిజాం ప్రభుత్వం ఆమె తలకు 10,000 రూపాయల వెల కట్టింది. 2022 మార్చిలో చనిపోయే దాకా ఆమె సభల్లో మాట్లాడుతూనే ఉంది. ఆమె ఆత్మకథ పేరే "నా మాటే తుపాకీ తూటా". ఆరుట్ల కమలాదేవి తుపాకీ శిక్షణ పొంది పోరాటంలో నిలబడింది. వీళ్ళ పేర్లు ఆ ల్యాబ్‌లో కూర్చున్న పిల్లల్లో చాలామందికి తెలియవు. ఏకే 47 ధర ఆటలో 2,500 డాలర్లని అందరికీ తెలుసు.

స్త్రీ శక్తి సంఘటన 1986లో తెచ్చిన "మనకు తెలియని మన చరిత్ర" మన చేతుల్లో ఉన్నందువల్లనే ఈ పోలిక నాకు తట్టింది. ఆ పుస్తకంలోని ఆడవాళ్ళు యుద్ధం గురించి చెప్పిన తీరు చూడండి. తుపాకీ పేలిన క్షణం గురించి వాళ్ళు చెప్పింది తక్కువ. దళానికి అన్నం ఎలా చేరేది, ఏ ఇంట్లో దాక్కున్నారు, నెలసరి రోజుల్లో అడవిలో ఎలా నడిచారు, చంటిబిడ్డను వదులుకోవలసి వచ్చినప్పుడు ఏమైంది, పోలీసులు ఊరి మీద పడితే ఆడవాళ్ళకు ఏం జరిగింది అన్నవి చెప్పారు. అంతా అయిపోయాక 'ఇక ఇళ్ళకు వెళ్ళండి' అన్నప్పుడు ఏ ఇంటికి వెళ్ళాలో తెలియని స్థితి గురించి చెప్పారు. వాళ్ళ యుద్ధం ఊళ్ళో జరిగింది, మనుషుల మధ్య జరిగింది. వాళ్ళ కథనం నుంచి ఏమేం తీసేస్తే డస్ట్ 2 మిగులుతుందో ఆలోచించండి. తిండి, శరీరం, బిడ్డ, ఇల్లు, యుద్ధం తర్వాతి రోజు. ఆట తీసేసినవన్నీ ఆడవాళ్ళు జ్ఞాపకం పెట్టుకున్నవే.

అలాగని ఆటలాడిన మగపిల్లలంతా హింసాత్మకంగా తయారవుతారన్న వాదన నాది కాదు. 1999లో అమెరికాలో కొలంబైన్ స్కూల్ కాల్పుల తర్వాత ఆ చర్చ చాలా జరిగింది. మా ల్యాబ్ మగపిల్లలు బయట ఒకరినొకరు కొట్టుకున్నది కూడా తక్కువే. వాళ్ళకు ఆ ఆట ఒక స్నేహం. అంతకన్నా ముఖ్యంగా, అది ఒక చదువు. ఈ విషయం నాకు ఆలస్యంగా అర్థమైంది.

ఆటను దాచడానికి వాళ్ళు నేర్చుకున్నవి చూడండి. డ్రైవ్ అంటే ఏమిటి, దాచిన ఫైలు ఎక్కడుంటుంది, ప్రతి కంప్యూటర్‌కూ ఉండే ఐపీ అడ్రస్ ఏమిటి, ఏ తీగ స్విచ్‌లోకి వెళితే ఏ కంప్యూటర్ వస్తుంది, పాస్‌వర్డ్‌ను తప్పించుకోవడం ఎలా. ఇవేవీ సిలబస్‌లో లేవు, ఉన్నా బ్లాక్ బోర్డు మీదే ఉన్నాయి. ప్రింటర్ పనిచేయకపోతే లెక్చరర్లు ఆ పిల్లలనే పిలిచేవారు. ఆట ఆడుతూ దొరికితే యాభై రూపాయల జరిమానా. వారం తిరక్కుండా అదే పిల్లవాడిని "మనవాడు సిస్టమ్స్‌లో దిట్ట" అని తనిఖీకి వచ్చినవాళ్ళకు చూపించేవారు. నిషేధాన్ని దాటడం వాళ్ళకు తెలివితేటల కింద లెక్కకొచ్చింది.

మా క్లాసుల్లో ఆడపిల్లలు తక్కువేమీ కాదు. బీఎస్సీ కంప్యూటర్స్‌లో దాదాపు సగం వాళ్ళే. జేన్ మార్గోలిస్, అలన్ ఫిషర్ కలిసి 2002లో "అన్‌లాకింగ్ ద క్లబ్‌హౌస్" అనే పుస్తకం తెచ్చారు. అమెరికాలోని కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయంలో కంప్యూటర్ సైన్స్‌లో చేరే అమ్మాయిలు 1995లో 7 శాతం ఉంటే 2000 నాటికి 42 శాతానికి ఎలా పెరిగారో అందులో చెప్పారు. చిన్నప్పటి నుంచి కంప్యూటర్‌ను విప్పి చూసిన మగపిల్లవాడి అనుభవాన్నే ప్రతిభ అనుకునే అలవాటును ఆ విశ్వవిద్యాలయం మానుకుంది. మన దగ్గర సీటు సమస్య అంతగా లేదు. ఆడపిల్ల క్లాసులో ఉంది, పరీక్షలో మంచి మార్కులతో ఉంది, రికార్డు ముత్యాల్లాంటి అక్షరాలతో ఉంది. యంత్రం మీద చెయ్యి వేసి పాడుచేసే వీలు మాత్రం ఆమెకు లేదు.

ఎందుకు లేదు? ల్యాబ్ మీద పెట్టిన నిషేధాలు అందరికీ ఒకటే కదా! కానీ ఆ పాస్‌వర్డ్ దాకా ఆడపిల్ల రానే లేదు. మధ్యాహ్నం ఖాళీ గంటలో మగపిల్లలు ల్యాబ్‌లో దూరితే, ఆడపిల్లలకు వెయిటింగ్ రూమ్ అని ఒక గది ఉండేది, అక్కడ కూర్చోవాలి. సాయంత్రం నాలుగున్నర తర్వాత ల్యాబ్ తెరిచి ఉన్నా పల్లెకు పోయే బస్సు ఆగదు. "బస్సు పోతది మేడం" అన్న మాట నేను ఆ మూడేళ్ళలో ఎన్నిసార్లు విన్నానో! హాస్టల్‌లో ఉండే అమ్మాయికి ఆరు గంటలకు గేటు మూస్తారు. ల్యాబ్ గంటలో కూడా ఒక కంప్యూటర్‌కు ఇద్దరు ముగ్గురు కూర్చుంటే కీబోర్డు మగపిల్లవాడి ముందు, రికార్డు నోట్సు అమ్మాయి ముందు ఉండేవి. కౌంటర్ స్ట్రైక్‌లో చచ్చినవాడు చూస్తూ కూర్చుంటాడని చెప్పాను. వాడికి రెండు నిమిషాల్లో మళ్ళీ వంతు వస్తుంది. కుర్చీ వెనక నిలబడిన అమ్మాయికి మూడేళ్ళైనా రాలేదు.

ఒక్క అమ్మాయికి వచ్చింది. ఇది రాయాలా వద్దా అని చాలాకాలం తటపటాయించాను.

సెకండియర్ అమ్మాయి. ఊరి పేరు, మనిషి పేరు వద్దు. ల్యాబ్ గంటలో వెనక నిలబడి చూస్తూ చూస్తూ ఆట నేర్చుకుంది. ఒకరోజు ల్యాబ్ చూసే ఆయన లేడు, నేనున్నాను. మూలనున్న కంప్యూటర్‌లో రికార్డు పని చేసుకుంటున్నట్టు కూర్చుని ఆటలో చేరింది. ఆటలో ప్రతివాడూ తనకో పేరు పెట్టుకుంటాడు, సినిమా హీరోల పేర్లు, పులుల పేర్లు. ఆమె ఏ పేరూ పెట్టుకోలేదు. పేరు మార్చకపోతే ఆట తనంతట తానే 'ప్లేయర్' అని చూపిస్తుంది. ఆ రోజు ప్లేయర్ ఒకరి తర్వాత ఒకరిని చంపుతూ పోయింది. "ఈ ప్లేయర్ గాడు ఎవడ్రా?" అని గదంతా కేకలు. 'ప్లేయర్' అన్న మాటకు లింగం లేదు. మన భాషలో, మన ల్యాబ్‌లో, తెలియని మనిషి బాగా ఆడితే అతను 'వాడు' అయిపోయాడు. ఆ కొద్దిసేపు ఆ 'వాడు' అన్న మాట వెనక ఆమె హాయిగా ఆడుకుంది.

ఎవరో లేచి ఒక్కో తెరా చూసుకుంటూ వచ్చారు. మొదట నవ్వులు, తర్వాత నిశ్శబ్దం. సాయంత్రానికి మాటలు పుట్టాయి. ఆట ఆడిందన్నది ఎవరికీ పట్టలేదు. మగపిల్లల మధ్య కూర్చుంది, వాళ్ళతో పోటీ పడింది, వాళ్ళలో ఎవరో నేర్పి ఉంటారు, ఆ ఎవరో ఎవరు? మూడోరోజుకు తండ్రిని పిలిపించారు. మగపిల్లలకు యాభై రూపాయల జరిమానా ఉన్న తప్పుకు ఆడపిల్లకు తండ్రి రావలసి వచ్చింది. ఆ రోజు ల్యాబ్‌లో ఉన్నది నేను కాబట్టి కాగితం మీద నన్ను సంతకం పెట్టమన్నారు. "ల్యాబ్ నిబంధనలు ఉల్లంఘించినది" అని రాసి ఉంది. అది నిజమే కదా అని నాకు నేను చెప్పుకున్నాను. పెట్టాను.

ఆయన పొలం నుంచి నేరుగా వచ్చినట్టున్నాడు, కాళ్ళకు మట్టి ఉంది. కూతురిని ఏమీ అనలేదు. "ఇగ పరీచ్చలకే పంపిస్త సారూ" అన్నాడు. ఆమె నా దగ్గరికొచ్చి అంది: "ఆట ఆడిన అని కాదు మేడం. ఆడపిల్లనై ఆడిన అని." తర్వాత ఆమె పరీక్షలకు తప్ప కాలేజీకి రాలేదు. అదే సెమినార్ హాల్లో నేను మార్చి 8న స్త్రీ విద్య మీద ఉపన్యసించాను.

ఇంతవరకు రాసింది ప్రైవేటు కాలేజీ కథ. ఇక్కడితో ఆపితే ఇంకో తప్పు చేసినదాన్నవుతాను. తర్వాత నాకు ప్రభుత్వ ఉద్యోగం వచ్చి పాలమూరు వైపు ఒక హైస్కూల్‌లో చేరాను. 2008లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 5,000 ప్రభుత్వ పాఠశాలల్లో కంప్యూటర్ విద్య మొదలుపెట్టింది. మా బడికీ కంప్యూటర్లు వచ్చాయి. తెరలు, కీబోర్డులు చాలానే కనిపించాయి. అసలు కంప్యూటర్లు మాత్రం చాలా తక్కువ. ఒకే సీపీయూకు చిన్న చిన్న పెట్టెలు తగిలించి, ఒక్కోదానికి ఒక తెర కలిపారు. తక్కువ ఖర్చుతో ఎక్కువమందికి చదువు అని ఆ పద్ధతి. రాసుకోవడానికి, బొమ్మలు గీసుకోవడానికి సరిపోతుంది. కౌంటర్ స్ట్రైక్ లాంటి ఆట దాని మీద నడిచే ప్రసక్తే లేదు.

ఇక్కడ నిషేధం పెట్టాల్సిన అవసరం కూడా రాలేదు. యంత్రమే పేదది. నల్లగొండ పట్నంలో ఫీజు కట్టిన మగపిల్లవాడు తాళం పగలగొట్టి నెట్‌వర్కింగ్ నేర్చుకున్నాడు. ఇక్కడి బడిలో దళిత, లంబాడా, వెనకబడిన కులాల మగపిల్లవాడికి పగలగొట్టడానికి తాళమే లేదు. వాడు చేతిలో పది రూపాయలుంటే మండల కేంద్రంలోని నెట్ సెంటర్‌కు పోయి గంట ఆడి వచ్చేవాడు. ఆడపిల్లకు ఆ నెట్ సెంటర్ గుమ్మం కూడా లేదు. బొంబాయికో పుణేకో పనికి పోయిన తల్లిదండ్రులు, ఇంట్లో చిన్న తమ్ముడు, పత్తి చేనులో కూలి, వీటి మధ్య ఆమె బడికి రావడమే పెద్ద సంగతి. 2011 జనాభా లెక్కల ప్రకారం మహబూబ్‌నగర్ జిల్లాలో మగవాళ్ళ అక్షరాస్యత 65 శాతం దరిదాపుల్లో ఉంటే ఆడవాళ్ళది 45 శాతం. కాబట్టి 'ఆడపిల్లలు' అని నేను పైన ఒకే ముద్దగా రాసినదాంట్లో కూడా కొందరు ల్యాబ్ గుమ్మం దాకా వచ్చినవాళ్ళు, చాలామంది రానివాళ్ళు. స్త్రీవాదం గురించి దళిత, బహుజన రచయిత్రులు ఎప్పటినుంచో అంటున్న మాట ఇక్కడా వర్తిస్తుంది.

"ఆడపిల్లలు ఆ చంపుకునే ఆట ఆడకపోతే మంచిదే కదా" అని ఈ వ్యాసం చిత్తుప్రతి చదివిన స్నేహితురాలు అంది. ఆ మాటలో కొంత నిజముంది. తుపాకీ పట్టుకోవడమే సమానత్వమని నేను అనను. కానీ ఆమె ఆడకపోవడం ఆమె నిర్ణయం కాదు. వద్దనుకునే హక్కు రావాలన్నా ముందు గదిలోకి రానివ్వాలి. ఆడపిల్లల కోసం వేరే ఆటలు తయారు చేయాలన్న ఆలోచన 1990లలో అమెరికాలో వచ్చింది. బ్రెండా లారెల్ స్థాపించిన పర్పుల్ మూన్ స్నేహాల చుట్టూ, బడి చుట్టూ ఆటలు చేసి 1999లో మూతపడింది. ఆ ప్రయత్నంలో శ్రద్ధ ఉంది. అయినా ఆడపిల్లకు వేరే గది కట్టడం దగ్గరే అది ఆగింది. మా కాలేజీ వెయిటింగ్ రూమ్ కూడా వేరే గదే.

వేరే గది వద్దని లోపలికి వచ్చినవాళ్ళకు ఏం జరిగిందో 2014లో ప్రపంచం చూసింది. ఆటల్లో స్త్రీల చిత్రణ మీద విమర్శ చేసిన అనితా సర్కీసియన్‌ను గేమర్‌గేట్ పేరుతో జరిగిన దాడిలో చంపుతామని బెదిరించారు. ఒక విమర్శకురాలు విమర్శ రాసినందుకు ఇల్లు వదిలి వెళ్ళాల్సి వచ్చింది. మనం చేసే పనే ఆమె చేసింది. అయినా ఆ సంవత్సరం మన పత్రికల్లో దాని గురించి మనం పెద్దగా మాట్లాడుకోలేదు. అది మన సమస్య కాదనుకున్నాం.

ఆ తర్వాత ల్యాబ్ అవసరమే తగ్గిపోయింది. 2018లో పబ్‌జీ ఫోన్‌లోకి వచ్చింది. 2020 సెప్టెంబర్‌లో కేంద్ర ప్రభుత్వం దాన్ని నిషేధించింది, 2021లో వేరే పేరుతో తిరిగి వచ్చింది. ఫోన్ వచ్చాక ఆడపిల్లలకు గది అడ్డు పోయిందని అనుకున్నాను. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో మొదటిసారి ఇంటర్నెట్ వాడకం గురించి అడిగారు. తెలంగాణలో ఎప్పుడైనా ఇంటర్నెట్ వాడామని చెప్పిన ఆడవాళ్ళు సుమారు 27 శాతం, మగవాళ్ళు 57 శాతం. తాళంచెవి ల్యాబ్ చూసే ఆయన చేతి నుంచి అన్న చేతికీ భర్త చేతికీ మారింది. ఆట ఆడే అమ్మాయిలు కూడా పెరిగారు, నిజమే. వాళ్ళలో మైకు తీసేసి, మగ పేరు పెట్టుకుని ఆడేవాళ్ళు నా విద్యార్థినుల్లోనే ఉన్నారు. గొంతు వినిపించగానే ఆట ఆగి తిట్లు మొదలవుతాయని వాళ్ళు చాలా మామూలు విషయంలా చెప్తారు.

మనం విమర్శకులుగా ఏం చేయాలన్న ప్రశ్నకు నా దగ్గర చిన్న జవాబే ఉంది. ఆటలో ఏముందో చదవాలి. దానితోపాటు ఆ ఆట నడిచిన గది టైంటేబుల్ చదవాలి, బస్సు వేళలు చదవాలి, జరిమానాల రిజిస్టర్ చదవాలి. అందులో సంతకాలు ఎవరివో చూడాలి.

కొన్నేళ్ళ క్రితం సూర్యాపేట బస్టాండులో ఆ అమ్మాయి కనిపించింది. నేను గుర్తుపట్టలేదు, తనే వచ్చి పలకరించింది. పక్కన పదేళ్ళ కొడుకు ఫోన్‌లో తలదూర్చి కాలుస్తున్నాడు. "ఫోన్ వాళ్ళ నాయినది మేడం, నాకైతే ఇయ్యరు" అని నవ్వింది. నేను ఆ సంతకం సంగతి ఎత్తాను. క్షమించమని అడగాలనుకున్నాను. ఆమె ఆ మాట వినదలచుకోలేదు, కొడుకు తెర వైపే చూస్తూ ఉంది. బస్సు వచ్చింది. ఎక్కబోతూ వెనక్కి తిరిగి, "ఆ ఊరు పేరు డస్టు కదా మేడం? సొరంగం దాటినంక కుడిచేతి దిక్కు మూలకు ఒక పెట్టె ఉంటది. ఆడ నిలబడితే ఎవనికీ కనబడం" అంది.